కాశీ దారిని గ్రంథస్థం చేసిన ఏనుగుల వీరాస్వామయ్య

తెలుగులో క్షేత్రమాహాత్మ్యాలకు లోటు లేదు. శ్రీనాథుడు కాశీఖండాన్ని తెనిగించిన నాటినుండి తీర్థాల మహిమను, అక్కడి దేవతల కథలను, స్నానదానాల ఫలాన్ని వర్ణించే కావ్యాలు, స్థలపురాణాలు విస్తారంగా వెలిశాయి. అయితే ఆ క్షేత్రానికి పోయే బాటసారి మొదటి మజిలీ ఎక్కడ చేయాలి, ఆ ఊరిలో మంచినీటి వసతి ఉన్నదా, బియ్యం దొరికే అంగడి ఉన్నదా, ఏ నాణెం చెల్లుతుంది అనే ప్రశ్నలకు ఆ గ్రంథాలలో సమాధానం వెదకరాదు. అది వాటి ప్రయోజనం కాదు. ఆ ప్రశ్నలనే పట్టించుకొని వ్రాసిన తెలుగు గ్రంథాలలో ప్రథమగణ్యమైనది ఏనుగుల వీరాస్వామయ్య కాశీయాత్రచరిత్ర. దానిని యాత్రాసాహిత్యానికి ఆద్యకృతిగా పేర్కొనడం పరిపాటి అయింది. మదరాసు నుండి కాశికి పోయి మరొక దారిని తిరిగి వచ్చేవరకు ఉన్న సీమలను మజిలీ మజిలీకి నమోదు చేసిన మార్గగ్రంథంగా కూడా దానిని పరిశీలించవలసి ఉన్నది. అది అట్లా రూపొందడానికి కారణం గ్రంథకర్త జీవితంలోనే, విశేషించి ఆయన వృత్తిలో, కనిపిస్తుంది.

వీరాస్వామయ్య 1780 ప్రాంతంలో మదరాసులో స్థిరపడిన తెలుగు నియోగి బ్రాహ్మణ కుటుంబంలో జన్మించాడు. తండ్రి పేరు సామయమంత్రి. బాల్యంలోనే పితృవియోగం కలిగింది. కుటుంబభారం పైనబడిన ఆ బాలుడు ఇంగ్లీషు చదువును ఆశ్రయించి, పన్నెండేండ్ల ప్రాయంలోనే కుంఫిణీవారి బోర్డ్ ఆఫ్ ట్రేడ్ కార్యాలయంలో జీతం లేని వాలంటీరుగా చేరాడు. తరువాత తిరునెల్వేలి కలెక్టరు కచేరీలో ద్విభాషిగా పనిచేశాడు. తెలుగు ఇంటి భాష. తమిళం తాను పుట్టి పెరిగిన పట్నపు భాష, ఉద్యోగపు భాష. ఇంగ్లీషు కచేరీ భాష. సంస్కృతం శ్రద్ధతో అభ్యసించిన శాస్త్రభాష. ఈ నాలుగింటి సమ్మేళనమే ఆయనను క్రమంగా మదరాసు సుప్రీంకోర్టులో హెడ్ ఇంటర్‌ప్రిటర్ అనే ప్రధాన ద్విభాషి పదవికి చేర్చింది. పంతొమ్మిదవ శతాబ్ది ఆరంభంలో నెలకొన్న ఆ న్యాయస్థానంలో దేశీయుడు పొందగలిగిన ఉద్యోగాలలో అది పెద్దది.

ద్విభాషి పని స్వభావాన్ని ఇక్కడ కొంత గమనించాలి. సాక్షి చెప్పిన దానికి అలంకారం చేర్చరాదు; అతడు చెప్పని దానిని చెప్పరాదు; చెప్పిన కొలతను, తేదీని, సొమ్మును మార్చరాదు. విన్నదానిని విన్నట్లు, చూచినదానిని చూచినట్లు వేరువేరుగా చెప్పడం ఆ వృత్తి మొదటి నియమం. ఎన్నో ఏండ్లు ఆ నియమానికి లోబడినవాడు దేశాటనం చేసి వ్రాసినప్పుడు ఆ అభ్యాసం కలంలోకి దిగడం సహజం. కాశీయాత్రచరిత్రలో దూరాలు, ధరలు, నాణేల మారకాలు, సత్రాల వసతి ఇంత విరివిగా ఉండడానికి, వర్ణనలు ఇంత పొదుపుగా ఉండడానికి ఇదే ప్రధాన హేతువు. దానిని కవితాశక్తి లోపంగా భావించిన పాఠకులకు ఆ పొదుపులోని క్రమశిక్షణ కనిపించదు.

కోర్టు వారివద్ద సెలవు తీసుకొని, వికృతి సంవత్సరంలో 1830 మే 18వ తేదీ రాత్రి ఆయన మదరాసు తండయారుపేటలోని తన తోట నుండి బయలుదేరాడు. తల్లి, భార్య, బంధువులు, పరిచారకులు, పల్లకి మోసే బోయీలు అందరూ కలిసి పరివారం సుమారు నూరుమంది. తిరిగి మదరాసు చేరినది 1831 సెప్టెంబరు 3. పదిహేను మాసాలకు మించిన ఈ ప్రయాణంలో ప్రతి మజిలీ విశేషాన్ని దినచర్యగా వ్రాసి, మిత్రుడైన కోమలేశ్వరపురం శ్రీనివాసపిళ్ళెకు జాబుల రూపంలో పంపుతూ వచ్చాడు. గ్రంథమంతా ఆ జాబుల కూర్పే. ఒక మిత్రుని ఉద్దేశించి వ్రాసినా, ఆ వెనుక అదే దారిని రాబోయేవారు ఆయన మనస్సులో ఉన్నారనడానికి ప్రతి పుటలో నిదర్శనాలున్నాయి. ఒక ఊరిలో తాను దిగి సుఖపడినట్లు చెప్పి ఊరకుండడు. పెద్ద పరివారంతో వచ్చేవారికి అక్కడ చోటు చాలునా అనేది కూడా చెపుతాడు.

ప్రయాణపు మొదటి భాగం నేటి చిత్తూరు, తిరుపతి, కడప మండలాల పాఠకులకు సుపరిచితమైనది. నాగలాపురం, నారాయణవనం, పుత్తూరు మీదుగా ఆయన తిరుపతి చేరి కొండమీద స్వామిదర్శనం చేశాడు. అప్పటికి తిరుమల దేవస్థానం కుంఫిణీ అధికారుల నిర్వహణలో ఉండేది. 1843లో హాథీరాంజీ మఠం మహంతులకు అప్పగించేవరకు ఆ ఏర్పాటు కొనసాగింది. భక్తులు చెల్లించే కానుకల నుండి సర్కారుకు చేరే ఆదాయాన్ని గూడ వీరాస్వామయ్య వదలక చెప్పడం దేవస్థాన చరిత్రకారులకు ఉపకరించే విషయం.

తిరుపతి నుండి కరకంబాడి, బాలపల్లె కనుమ, కోడూరు, ఒంటిమిట్టల మీదుగా కడపకు పోయే దారి శేషాచల, వెలిగొండ పర్వతాల నడుమ లోయను పట్టుకొని సాగుతుంది. మదనపల్లె, పుంగనూరు, కుప్పం ఉన్న ఎగువ పీఠభూమిని ఈ దారి తాకదు; ఆ సీమకు పోయే కనుమలు వేరు. అయినా ఎగువసీమకు ఈ లోయతో సంబంధం లేకపోలేదు. మదనపల్లె ప్రాంతపు బాహుదానది పింఛతో కలిసి చెయ్యేరై, నందలూరు సౌమ్యనాథస్వామి ఆలయం చెంతగా పారి పెన్నలో కలుస్తుంది. వేసవిలో ఇసుకమేటగా ఉండే ఆ ఏరు, ఎగువన వానలు కురిస్తే ఎట్లా మారుతుందో 2021 నవంబరులో అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగినప్పుడు రాజంపేట, నందలూరు ప్రాంతాలవారు అనుభవించారు. ఏరు దాటే చోటు, దాటదగిన కాలం తెలిసి నడవడం నూటతొంబది ఏండ్ల క్రిందటి బాటసారికి ప్రాణావసరం. మార్గగ్రంథంలో నదులను గూర్చిన మాటకు గల విలువ అటువంటిది. తరువాతి కాలంలో మదరాసు నుండి రాయచూరుకు వేసిన రైలుమార్గం కూడా ఈ లోయనే ఎన్నుకొన్నది. 1871లో ఆ మార్గం పూర్తయిన పిమ్మట కాలినడక మజిలీలలో చాలవాటికి పని లేకుండా పోయింది.

కడప దాటి పెన్నకు ఉత్తరాన దువ్వూరు మీదుగా అహోబిలం, అక్కడినుండి మహానంది, ఆత్మకూరు, శ్రీశైలం చేరిన భాగం గ్రంథంలో ఎక్కువ విలువైనది. ఇది నల్లమల అడవి. ఆత్మకూరు వైపునుండి నాగలూటి, పెద్దచెరువు, భీముని కొలను గుండా శ్రీశైలానికి ఎక్కే దారి చాల ప్రాచీనమైనది. శ్రీశైలానికి, అహోబిలానికి సోపానాలు కట్టించిన కీర్తి కొండవీటి రెడ్డిరాజైన ప్రోలయ వేమారెడ్డిది. రాజులు మెట్లు కట్టించారని శాసనాలు చెపుతాయి. ఆ మెట్ల మధ్య మధ్య నీరు ఎక్కడ ఉన్నది, మనుష్యసంచారం ఎక్కడ అంతమవుతుంది, చెంచుల సహాయం ఎక్కడ అవసరమవుతుంది అనేవి బాటసారియే చెప్పాలి. వీరాస్వామయ్య వాటిని చెప్పాడు. ఆనాడు ఈ ప్రాంతం కందనూరు నవాబు ఏలుబడిలో ఉండేది. యాత్రికులనుండి నవాబు పన్ను రాబట్టడం, ఆలయపు బాగోగులు పట్టించుకోకపోవడం ఆయన దృష్టికి వచ్చాయి. ఆయన ఆ మాటలు వ్రాసిన తొమ్మిదేండ్లకు, 1839లో, కుంఫిణీవారు నవాబును పదవినుండి తొలగించి కర్నూలును స్వాధీనం చేసుకొన్నారు. అందువలన నవాబుల కాలపు కడపటి దశలో శ్రీశైలయాత్ర ఎట్లా ఉండేదో తెలుసుకోవడానికి ఈ గ్రంథం ప్రత్యక్షసాక్షి కథనం. ఉగాదికి, శివరాత్రికి కర్నూలు, కర్ణాటక ప్రాంతాల భక్తులు నేటికీ నాగలూటి దారిన నడిచి వస్తూనే ఉన్నారు. తెలుగునాట ఇంకా సజీవంగా ఉన్న దూరపు కాలినడక దారులలో అది ముఖ్యమైనది.

శ్రీశైలం నుండి మరలి నివృత్తి సంగమ ప్రాంతంలో కృష్ణ దాటి ఆయన నిజాము రాజ్యంలో ప్రవేశించాడు. ఆ సంగమసీమ ఇప్పుడు శ్రీశైలం జలాశయపు ముంపులో ఉన్నది. 1980 దశకం ఆరంభానికి జలాశయం నిండగా సుమారు వంద గ్రామాలు నీటి పాలయ్యాయి. సంగమేశ్వరాలయం ఏటా నీరు తగ్గిన కొన్ని నెలలు మాత్రమే బయటపడుతుంది. పోయిన ఊళ్లను, తెగిన దారులను గూర్చి వెదకే పరిశోధకునికి రెవెన్యూ పటాల ప్రక్కన ఉంచుకోదగిన పుస్తకం ఇది. రేవు ఎక్కడ, రేవుకు చేరే దారి ఏది అనే సంగతులు పటంలో గీతగా ఉంటాయి. ఇందులో నడిచినవాని అనుభవంగా ఉంటాయి.

కృష్ణకు ఆవలి తీరంలో వనపర్తి, కొల్లాపురం సంస్థానాల నడుమ ఉన్న కలహాలు, వాటివలన పల్లెలకు కలిగే బాధ, హైదరాబాదులో ఆయుధాలు ధరించి తిరిగే జనం, రెసిడెన్సీ వైభవం ఇవన్నీ కచేరీలో వ్యవహారాలు చూచిన మనిషి దృష్టితోనే వ్రాసినవి. ఎక్కడ న్యాయం జరుగుతుంది, ఎక్కడ జరగదు అనే విచారం ఆయనను వదలదు. కుంఫిణీ పరిపాలన పట్ల ఆయనకు గల గౌరవం కొన్ని తావులలో తులనకు అడ్డు వచ్చిందని కూడా చెప్పక తప్పదు. నిజాము సీమలో కనిపించిన అవ్యవస్థను అడుగడుగునా ఎత్తిచూపిన రచయిత, కుంఫిణీ సీమలో పన్నుల బరువును అంత నిశితంగా పరిశీలించలేదు.

మరొక పరిమితి కూడా ఉన్నది. ఆయన దారిని చూచినది చాలవరకు పల్లకి నుండి. నడిచిన కాళ్లు బోయీలవి. హైదరాబాదు నుండి నిర్మల, ఆదిలాబాదుల మీదుగా నాగపూరు పోయే దారిలో నల్లరేగడి నేలలు విస్తారం. వాన పడితే ఆ నేల మీద బరువు మోయడం ఎంత కష్టమో చెప్పనక్కరలేదు. బోయీల జీతభత్యాలు, వారి అలసట, దారిలో కొత్తవారిని కుదుర్చుకోవడంలోని చిక్కులు గ్రంథంలో ప్రస్తావనకు రావడం ఆయన నిజాయితీకి గుర్తు. కాని గ్రామాలను వర్ణించేటప్పుడు బ్రాహ్మణుల ఇండ్లు ఉన్నవా లేవా అనేది ఆయనకు మొదటి ప్రశ్న. తన పరివారపు భోజనవసతికి అది అవసరమే కావచ్చు. ఆ లెక్కనే ఊరి స్వరూపమని భ్రమించి సాంఘిక చరిత్ర వ్రాయబూనితే పొరపాటు జరుగుతుంది.

నాగపూరు తరువాత రామటేకు, జబల్పూరు, రీవా, మీర్జాపురం, ప్రయాగల మీదుగా కాశీ చేరాడు. కాశీలో, గయలో చేయవలసిన కర్మలన్నీ విధిగా నిర్వర్తించాడు. ఆ భాగం సంప్రదాయజ్ఞులకు ప్రీతికరం. అయినా అక్కడ కూడా ఆయన కన్ను ఆచారభేదాల మీద ఉన్నది. పంచగౌడులకు, పంచద్రావిడులకు ఆహారంలో, శ్రాద్ధవిధిలో, స్త్రీల వస్త్రధారణలో కనిపించే తేడాలను తన సీమ ఆచారమే ప్రమాణమనే పట్టుదల లేకుండా వివరించాడు. పాట్నా, కలకత్తాల వైపు ప్రయాణంలో కొంతభాగం గంగమీద పడవలలో సాగింది. కలకత్తాను, తాను పుట్టిన మదరాసుతో పోల్చి చూడడం సహజంగానే జరిగింది.

అక్కడినుండి తూర్పుతీరం. పూరీ జగన్నాథక్షేత్రం, గంజాం, శ్రీకాకుళం, విశాఖపట్టణం, రాజమహేంద్రవరం, నెల్లూరు మీదుగా ఖరనామ సంవత్సరంలో ఇల్లు చేరాడు. ఈ తీరసీమను ఆయన చూచిన మరుసటి సంవత్సరమే నందన కరువు మొదలయింది. డొక్కల కరువని జనం చెప్పుకొన్న ఆ క్షామంలో ఒక్క గుంటూరు మండలంలోనే అయిదు లక్షల జనాభాలో రెండు లక్షలమంది చనిపోయినట్లు లెక్కలున్నాయి. కరువుకు ముందు తీరాంధ్రంలో ధాన్యం ధరలు, ఊళ్ల స్థితి ఎట్లా ఉండేవో చెప్పే దేశీయుని రచనగా గ్రంథపు చివరి ప్రకరణాలకు ప్రత్యేక ప్రాముఖ్యం వచ్చింది. క్షామచరిత్ర వ్రాసేవారు కలెక్టర్ల నివేదికలతో పాటు వీటిని కూడా పరిశీలించవలసి ఉన్నది.

ఆ కాలంలో ఈ సీమలను గూర్చి తెలుసుకోవాలనే ప్రయత్నం ఆయనది ఒక్కటే కాదు. కల్నల్ మెకంజీ చేయించిన గ్రామ కైఫీయత్తుల సేకరణలో కావలి సోదరులు ప్రధానపాత్ర వహించారు. వారిలో వెంకటరామస్వామి దక్కను పట్టణాలను, ప్రదేశాలను వర్ణిస్తూ 1828లో ఇంగ్లీషులో ఒక గ్రంథం ప్రకటించాడు. మదరాసు నుండి కొలత మొదలుపెట్టి కొండశిఖరాల మీద త్రికోణాలు కడుతూ ఉత్తరానికి సాగిన లాంబ్టన్ 1823లో నాగపూరు దారిలోని హింగన్‌ఘాట్ వద్ద మరణించాడు. మెకంజీ పనివారు ఊరి పూర్వచరిత్రను, లాంబ్టన్ శిఖరాల మధ్య దూరాలను కోరారు. రెండూ ప్రభుత్వావసరాలు. వీరాస్వామయ్య సేకరించిన సమాచారాన్ని ఎవరూ అడగలేదు, దానికి జీతమూ లేదు. ఇంగ్లీషులో వ్రాయగల సమర్థత పూర్తిగా ఉండీ ఆయన తెలుగులో వ్రాయడం ఈ సందర్భంలో గమనింపదగినది. వెంకటరామస్వామి పుస్తకం దొరల బల్లమీదికి పోయింది. వీరాస్వామయ్య జాబులు మదరాసులో మిత్రుల ఇండ్లలో చదువబడ్డాయి. శ్రీనివాసపిళ్ళె వాటిని తమిళంలోకి, మరాఠీలోకి కూడా అనువదింపజేయడం ఆ జాబులకు కలిగిన ఆదరణను తెలుపుతుంది.

ఆ తెలుగు ఎటువంటిదనేది ప్రాచ్యకళాశాలలలో చర్చనీయమైన అంశం. చిన్నయసూరి నీతిచంద్రిక వెలువడినది 1853లో. అంతకు పూర్వపు వచనమిది. క్రియారూపాలు, విభక్తులు వ్యాకరణమర్యాదకు లోబడవు. తమిళపదాలు, హిందుస్తానీ కచేరీమాటలు, ఇంగ్లీషు పదాలు ధారాళంగా దొర్లుతాయి. ఈ కారణం చేతనే కావ్యవచనానికి అలవాటుపడిన పండితులు దానిని చాలకాలం పక్కన పెట్టారు. ఆ తిరస్కారం న్యాయం కాదు. మూడు భాషలు కలిసే కుప్పం వంటి చోట ఒకే సంతలో తెలుగు, తమిళ, కన్నడ పదాలు ఒక వాక్యంలో ఇమిడిపోవడం నిత్యం వినబడేదే. ఆ అనుభవం గల పాఠకునికి వీరాస్వామయ్య వాక్యం సంకరంగా తోచదు. మదరాసు తెలుగువారు ఆనాడు మాట్లాడిన భాషకు ఇంతటి సుదీర్ఘమైన లిఖితసాక్ష్యం అరుదు. దానిని తప్పుల పట్టికగా గాక మాండలిక సామగ్రిగా పరిశీలించడం యుక్తం. కుప్పంలో 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయం ఏర్పడిన తరువాత భాషల పరస్పర సంబంధాల అధ్యయనానికి ఈ ప్రాంతంలో అవకాశం విస్తరించింది. ఆ అధ్యయనానికి ఇంతకంటె తగిన గ్రంథం దొరకడం కష్టం.

యాత్రానంతరం వీరాస్వామయ్య జీవించినది అయిదేండ్లే. మదరాసు దేశీయ సమాజంలో విద్యావ్యాప్తికి పాటుపడిన శ్రీనివాసపిళ్ళె ప్రభృతులతో ఆయన మైత్రి చివరివరకు నిలిచింది. క్షామకాలంలో అన్నదానం చేసిన దాతగా కూడా ఆయనకు పేరున్నది. 1836 అక్టోబరు 3న ఆయన మరణించాడు. జాబులు అచ్చులో చూచుకొనే అవకాశం ఆయనకు కలుగలేదు. శ్రీనివాసపిళ్ళె వాటిని కూర్చి, మిత్రుని జీవితవిశేషాలు చేర్చి, 1838లో మదరాసులో ముద్రింపించాడు. మరల 1869లో రెండవ ముద్రణ వచ్చింది. తరువాత డెబ్బది ఏండ్లకు పైగా గ్రంథం దుర్లభమై, కొందరు చరిత్రప్రియుల వద్ద మాత్రమే మిగిలింది. బెజవాడ న్యాయవాది, చరిత్రపరిశోధకుడు దిగవల్లి వేంకటశివరావు 1941లో పీఠికతో, వివరణలతో మూడవ ముద్రణ వెలువరించిన తరువాతనే అది విద్వల్లోకంలో తిరిగి ప్రవేశించింది. శివరావు చేసినది పునర్ముద్రణ మాత్రమే కాదు. ఆనాటి రాజకీయ, ఆర్థిక పరిస్థితులను వివరించి, ఆ జాబులను చరిత్రాధారంగా చదివే పద్ధతిని నేర్పాడు. పి. సీతాపతి, వి. పురుషోత్తం చేసిన ఆంగ్లానువాదం 1973లో హైదరాబాదులోని ప్రభుత్వ ప్రాచ్యలిఖిత గ్రంథాలయం పక్షాన వెలువడింది.

ఈ ముద్రణల తరువాత కూడా మిగిలిన పని గ్రామనామాల నిర్ధారణ. వీరాస్వామయ్య ఊళ్ల పేర్లను తాను విన్న ఉచ్చారణ ప్రకారం వ్రాశాడు. ఆదిలాబాదు ఎదులాబాదు కావడం వంటివి సులభంగా పోల్చుకోవచ్చు. చిన్న మజిలీలలో కొన్ని పేరు మారాయి, కొన్ని రైలుమార్గం వచ్చిన పిమ్మట స్థానం మారాయి, కృష్ణాతీరంలోనివి కొన్ని జలగర్భంలో చేరాయి. తిరుపతి నుండి కడప వరకు, ఆత్మకూరు నుండి శ్రీశైలం వరకు ఉన్న రెండు భాగాలనైనా స్థానిక కైఫీయత్తులతో, పాత రెవెన్యూ పటాలతో సరిచూచి, వీలైనచోట కాలినడకన పోయి పరిశీలించి, మజిలీల పట్టిక సిద్ధం చేయవచ్చు. నాగలూటి, పెద్దచెరువు దారిలో ఇప్పటికీ నడిచే యాత్రికులు, ఆ అడవిలోని చెంచుపెంటల పెద్దలు చెప్పగలిగే స్థలనామాలు ఆ పట్టికకు మొదటి ఆధారాలు అవుతాయి.